జింగ్‌నాన్ పద్ధతిలో సినిమా చూడటం

టాంగ్ సామ్రాజ్యం కూలిన తర్వాతి చైనా గురించి నాకు తెలిసిందంతా అమెరికాలోని పిస్కాటవేలో, మంగళవారం మధ్యాహ్నాలు, ఒకే ఒక్క గదిలో నేర్చుకున్నాను. నాది మెకానికల్ ఇంజనీరింగ్. చరిత్ర కోర్సు ఎందుకు తీసుకున్నావని ఇప్పటికీ కొందరు అడుగుతుంటారు. కారణాలు మూడు: ఎమ్మెస్ పూర్తి కావాలంటే వేరే డిపార్ట్‌మెంట్ కోర్సు ఒకటి చెయ్యాలి, ఆ క్లాసు మా ల్యాబ్ పక్క బిల్డింగులో జరిగేది, ఆ గదిలో హీటర్ పనిచేసేది. ప్రాధాన్యం ప్రకారం చూడాలంటే ఈ మూడింటినీ చివరి నుంచి చదువుకోవాలి. డెబ్బై తొమ్మిది చలికాలం అది. నాకు అమెరికాలో మొదటి చలికాలం.

మొదటి రోజే ప్రొఫెసర్ గారు బోర్డు మీద పది రాజ్యాల పేర్లు రాశారు. సామ్రాజ్యం ముక్కలైనప్పుడు ఉత్తరాన ఒక రాజవంశం పోయి ఇంకొకటి వస్తూ ఉండగా, దక్షిణాన ఎవరికి వారు రాజ్యాలు పెట్టుకున్నారట. ఒక్కో విద్యార్థి ఒక్కో రాజ్యం ఎంచుకుని, సెమిస్టరు మధ్యలో దాని గురించి మాట్లాడాలి. నేను అప్పటికి పై కోటు విప్పి, లోపలి కోటు విప్పి, స్వెట్టరు మీద చెయ్యి వేశాను. చేతి తొడుగులు, మఫ్లరు, టోపీ పక్కన పెట్టి తలెత్తేసరికి తొమ్మిది రాజ్యాలు అయిపోయాయి. పట్టు బట్టలకు పేరుపడ్డది, ఓడల వ్యాపారం చేసింది, కవిత్వం రాసిన రాజులున్నది, అన్నీ పోయాయి. మిగిలింది జింగ్‌నాన్.

యాంగ్‌సీ నది మధ్య భాగంలో ఒక పట్టణం, దాని చుట్టూ మూడు జిల్లాలు. రాజ్యమంతా అదే. నలభై ఏళ్ళు కూడా నిండకుండానే పోయింది. చుట్టూ నాలుగు పెద్ద రాజ్యాలు, వాటిలో ఏది తలుచుకున్నా ఒక పూటలో మింగేయొచ్చు. మనవాళ్ళయితే దాన్ని రాజ్యం అని కూడా అనరు. సంస్థానం అంటారు, అదీ మొహమాటానికి. అయినా అది అన్నాళ్ళు ఎలా నిలబడింది? ఇదీ నాకిచ్చిన ప్రశ్న. ఒక వంతెన ఎందుకు కూలిందో లెక్క కట్టడం మాకు నేర్పారు. కూలాల్సిన వంతెన ఎందుకు కూలలేదో లెక్క కట్టడం ఏ సబ్జెక్టులోనూ లేదు.

ఆ ప్రసంగాన్ని నేను అక్క వంటింట్లో ప్రాక్టీసు చేశాను. అక్క అంటే మా పై అంతస్తు అపార్ట్‌మెంట్‌లో ఉండే ఆవిడ. కాకినాడ. భర్త మందుల కంపెనీలో కెమిస్టు, మాటకి ముందు నవ్వి, నవ్వాక మాట మానేసే మనిషి. ప్రతి ఆదివారం నేనూ, నా రూమ్మేటూ వాళ్ళింట్లోనే తినేవాళ్ళం. రూమ్మేట్‌ది వరంగల్. పొడవాటి పాత స్టేషన్ వ్యాగన్ ఒకటి ఉండేది వాడికి. దాని వెనక అద్దం పైకి రాదు.

అక్కకి అప్పుడు తొమ్మిదో నెల. ఆవిడకున్నది ఒక్కటే కోరిక: తన హీరో కొత్త సినిమా చూడాలి. ఆ హీరో సినిమాలన్నీ విడుదలైన వారంలోనే చూసిన మనిషి. ఇదొక్కటి మాత్రం ఆవిడ విమానం ఎక్కిన మరుసటి వారం విడుదలైంది. దాని ప్రింటు ఆ నెలలోనే మా వైపు వస్తోంది. ఉత్తరాన న్యూయార్క్ వైపున్న తెలుగు సంఘం వాళ్ళు ఒకసారి, దక్షిణాన ఫిలడెల్ఫియా వైపున్న సంఘం వాళ్ళు ఒకసారి హాలు తీసుకుని వేస్తారు. రెండూ మాకు గంట పైనే దూరం. నడుం నొప్పి వల్ల అరగంటకు మించి కారులో కూర్చోవద్దని అక్కకి ఆస్పత్రిలో గట్టిగా చెప్పారు.

“పుట్టాక చూద్దువుగాని,” అన్నాడు భర్త ఒకసారి, నవ్వి.

“పుట్టాక పసిపిల్లని ఒళ్ళో పెట్టుకుని హాల్లో కూర్చుంటే నేను సినిమా చూడనండీ. హాలంతా నన్ను చూస్తుంది,” అంది అక్క. ఆయన మళ్ళీ నవ్వాడు. అంతటితో అయిపోయింది.

ఆ ఆదివారం అక్క వంకాయలు తరుగుతోంది. రూమ్మేటు అప్పటికే తినడం మొదలుపెట్టాడు. నేను నిలబడి జింగ్‌నాన్ మొదటి రాజు గురించి చెప్పాను. చిన్నప్పుడు ఒక షావుకారు ఇంట్లో పనివాడు. తర్వాత సైన్యంలో పైకొచ్చి, ఆ పట్టణం చేతిలో పడగానే వదల్లేదు. ఒకసారి పడమటి రాజ్యం ఓడిపోయి, దాని ఖజానా అంతా పడవల మీద ఉత్తరాది చక్రవర్తికి వెళ్తోంది. దారిలో జింగ్‌నాన్. పడవలు అక్కడిదాకా వచ్చాయి, ఆ తర్వాత కనిపించలేదు.

“చక్రవర్తి మనిషిని పంపి అడిగించాడక్కా, నా పడవలేమయ్యాయని. ఈయన జవాబు ఏంటంటే, ‘అంత దూరం నది మీద వస్తున్నాయి, మునిగి ఉంటాయి. ఎలా మునిగాయో తెలియాలంటే నదీదేవతని విచారించుకోండి.’”

రూమ్మేటు ముద్ద మింగి, “అరె, మస్తు చెప్పిండు భై!” అన్నాడు.

“అచ్చం మా గోదారి జిల్లా మనిషే,” అంది అక్క. “తర్వాత?”

తర్వాత కొడుకు. ఈయన ఇంకా పెద్ద ఘటం. చుట్టూ ఉన్న ప్రతి రాజుకీ ‘నేను మీ సేవకుణ్ణి’ అని రాసేవాడు. అందరి దగ్గరా బిరుదులు పుచ్చుకునేవాడు, బహుమతులు పుచ్చుకునేవాడు. దక్షిణాది రాజ్యాలు ఉత్తరానికి పంపే కప్పాలు తన ఊరి మీదుగానే పోవాలి కాబట్టి, వీలైనప్పుడు వాటిని ఆపి లాక్కునేవాడు. వాళ్ళు తిడుతూ ఉత్తరాలు రాసినా, సైన్యాన్ని పంపినా, ఏమీ జరగనట్టు నవ్వుతూ తిరిగిచ్చేసేవాడు. ఆ రాజులంతా కలిసి ఆయనకి సిగ్గులేనివాడని పేరు పెట్టారు.

“సిగ్గెందుకూ?” అంది అక్క. “ఉన్నదే మూడు జిల్లాలు. అందులో సిగ్గుకి చోటెక్కడ?”

నా ప్రసంగం మొత్తం మీద అంత మంచి వాక్యం లేదు. కానీ దానికి మూలం చూపించలేను కాబట్టి వాడుకోలేదు. క్లాసులో అదే మాటని, అటూ ఇటూ ఉన్న పెద్ద రాజ్యాలకి ఆ చిన్న రాజ్యం అవతలివాడి చేతిలో పడటం కన్నా అల్లరి చేస్తూ మధ్యలో ఉండటమే నయమనిపించింది అని పొడుగ్గా చెప్పాను. బి ప్లస్ వచ్చింది. అక్క పేరు వేసి ఉంటే ‘ఏ’ గ్రేడు వచ్చేదేమో.

అయితే ఆ ఆదివారం అసలు సంగతి ప్రసంగం అయిపోయాక జరిగింది. అక్క వంకాయ ముక్కలు ఉప్పునీళ్ళలో వేసి, చెయ్యి తుడుచుకుని, “తమ్ముడూ, ఆ సినిమా డబ్బాలు ఉత్తరం వాళ్ళ దగ్గర్నుంచి దక్షిణం వాళ్ళకి ఎలా వెళ్తాయి?” అని అడిగింది.

“మా గది మీదుగా,” అన్నాను.

నిజంగానే అంతే. రెండు సంఘాలకీ సరిగ్గా మధ్యలో మేమున్నాం. విద్యార్థులు ఖాళీగా ఉంటారని రెండు సంఘాలకీ గట్టి నమ్మకం. ఉత్తరం వాళ్ళు శుక్రవారం సాయంత్రం సినిమా వేసుకుని, శనివారం పొద్దున్నే డబ్బాలు మా గదిలో దింపేవారు. మధ్యాహ్నం మేము వాటిని టర్న్‌పైక్ అనే టోల్ హైవే మీది రెస్ట్ ఏరియాకి తీసుకెళ్ళి దక్షిణం వాళ్ళకి ఇచ్చేవాళ్ళం. ఉత్తరం సెక్రటరీ, “మీరు మా సంఘమే కదా?” అని అడిగితే మావాడు, “అవును సార్,” అనేవాడు. దక్షిణం సెక్రటరీ అడిగినా, “అవును సార్,” అనేవాడు. ఉత్తరం నుంచి మిఠాయిలు వచ్చేవి, దక్షిణం నుంచి ఆవకాయ వచ్చేది. నేను జింగ్‌నాన్ గురించి లైబ్రరీలో వెతుకుతున్నాను గానీ, అప్పటికి కొన్ని నెలలుగా అందులోనే కాపురం ఉన్నానని నాకు తట్టలేదు.

“అయితే శనివారం పొద్దున్నించి మధ్యాహ్నం దాకా ఆ డబ్బాలు మీ దగ్గర ఊరికే ఉంటాయన్నమాట,” అంది అక్క.

రూమ్మేటు తినడం ఆపాడు.

ఏర్పాట్లు నేను చేశాను. మా డిపార్ట్‌మెంట్‌లో పదహారు మిల్లీమీటర్ల ప్రొజెక్టరు ఉంది. వారాంతంలో విద్యార్థి సంఘాలకి అరువిచ్చే పద్ధతీ ఉంది. సంఘం పేరు అన్న చోట రెండు సంఘాల పేర్లూ రాశాను. సినిమా నాలుగు పెద్ద రీళ్ళు, ఒక్కోటి ముప్పావు గంట. పొద్దున తొమ్మిదికల్లా డబ్బాలు వస్తే, రీలు మార్చడానికీ, తిరిగి చుట్టడానికీ, కాఫీలకీ వదిలేసినా మధ్యాహ్నానికి సినిమా అయిపోతుంది. రెండింటికి రెస్ట్ ఏరియాలో ఉంటాం. ఎవరికీ నష్టం లేదు, ఎవరికీ తెలియదు.

ఈ లెక్కలో మంచు లేదు.

శనివారం ఉత్తరం సెక్రటరీ డబ్బాలతో దిగేసరికి మధ్యాహ్నం పన్నెండు దాటింది. పాపం, ఆయన కారు దారిలో రెండుసార్లు జారిందట. ఆయన్ని అక్కే పైకి పిలిచి కాఫీ ఇచ్చింది. “మీరు మా సంఘానికి ఎంత చేస్తున్నారమ్మా!” అన్నాడాయన. “మనది కాక ఇంకో సంఘం ఎక్కడుంది అన్నయ్యగారూ!” అంది అక్క. ఆయన సంతోషంగా వెళ్ళిపోయాడు.

ఇప్పుడు రెండే దారులు: డబ్బాలు టైముకి అందించడం, లేదా అక్కకి సినిమా చూపించడం. నేను ఆ మాటే అన్నాను.

“నాకు ఇంకో శనివారం ఉంటుందో లేదో తెలియదు తమ్ముడూ,” అంది అక్క, పొట్ట మీద చెయ్యి వేసుకుని. “నీ చైనావాడైతే ఏం చేసేవాడు?”

ప్రొజెక్టరు ఆన్ చేశాను.

తెరకి ఒక చిక్కొచ్చింది. అక్క ఇంట్లో దుప్పట్లన్నీ పువ్వులవే. మొదటి సీనులో హీరో మొహమంతా బంతిపువ్వులు వచ్చాయి. దుప్పటి తిరగేసి కట్టాం. అప్పుడు లేత బంతిపువ్వులు వచ్చాయి. హీరో ఇద్దరు, ఒకడు ఇన్‌స్పెక్టరు, ఒకడు లారీ డ్రైవరు. ఇద్దరికీ ఒకే తల్లి, ఆ సంగతి ఇద్దరికీ తెలియదు. అక్క సోఫాలో వెనక్కి ఆనుకుని, కాళ్ళు స్టూలు మీద పెట్టుకుని, రెప్ప వెయ్యకుండా చూస్తోంది. భర్త పక్కన కూర్చుని నవ్వుతున్నాడు.

రెండున్నరకి రూమ్మేటు కింద మా గదికి వెళ్ళి ఫోను దగ్గర కాపలా కూర్చున్నాడు. కాసేపటికి పైకొచ్చాడు, మొహం వెలిగిపోతోంది.

“డాక్టర్ సార్ ఫోన్ జేసిండు రెస్ట్ ఏరియా నుంచి. డబ్బాలేడ అన్నడు. నేనేమన్న ఎర్కేనా? ‘మంచు పడ్తాంది కద సార్, ఏడ ఆగినయో ఏమో, టర్న్‌పైకోళ్ళనే అడగాలె’ అన్న!”

దక్షిణం సెక్రటరీ డాక్టరు గారు. చెవి, ముక్కు, గొంతు.

“ఆ జవాబు విన్నాక చక్రవర్తి ఏం చేశాడో తెలుసా?” అన్నాను.

“ఏం జేసిండు?”

“సైన్యాన్ని పంపాడు.”

“గది నువ్వు ముందుగల్ల చెప్పలే గద!”

మూడో రీలు సగంలో ఉండగా సైన్యం వచ్చింది. పాట గట్టిగా వస్తోంది, తలుపు చప్పుడు ముందు ఎవరికీ వినపడలేదు. తీసేసరికి డాక్టరు గారు, టోపీ నిండా మంచు. వెనక ఆయన భార్య, పట్టుచీర మీద రెండు కోట్లు.

డాక్టరు గారు దుప్పటి మీది హీరోని చూశారు. మావాణ్ణి చూశారు.

“టర్న్‌పైక్‌ని అడిగానయ్యా,” అన్నారు. “ఇక్కడుందని చెప్పింది.”

మావాడు నా వెనక్కి జరిగాడు. అక్క మాత్రం కూర్చున్న చోట నుంచే రెండు చేతులూ జోడించింది.

“రండి అన్నయ్యగారూ! వదినగారూ, రండి, ఆ మంచులో నిలబడ్డారేంటి! తమ్ముడూ, కుర్చీ వెయ్యి. మీ రీళ్ళు బాగున్నాయో లేవో ఒకసారి తిప్పి చూస్తున్నామండీ. మన సంఘం పరువు కదా, హాల్లో తెగిపోతే ఏం బాగుంటుంది?”

“ఒక్క నిమిషం కూడా కూర్చోమమ్మా. డబ్బాలు తీసుకుని పోతాం, అంతే. అయిదింటికి షో. హాలు మళ్ళీ ఖాళీ చెయ్యాలి.”

ఇక్కడ జింగ్‌నాన్ చివరి రోజుల గురించి ఒక మాట చెప్పాలి. ఉత్తరాది సైన్యం ఒకటి, మీ ఊళ్ళోంచి కాస్త దారి ఇస్తే చాలు, అవతలి రాజ్యం మీదికి పోతున్నాం అంది. సరే అన్నారు. సైన్యం ఊళ్ళోకి వచ్చింది, మరి వెళ్ళలేదు. రాజ్యం ముగిసింది. డాక్టరు గారి భార్య ఆ ఒక్క నిమిషంలో పై కోటు విప్పి, లోపలి కోటు విప్పి, స్టవ్ మీది పులిహోర మూత తీసి చూసి, అక్క పక్కన సోఫాలో కూర్చున్నారు.

“ఈ పిల్ల ఎవరు? ఇన్‌స్పెక్టరుదా, డ్రైవరుదా?”

“డ్రైవరుది వదినగారూ. కానీ ఇన్‌స్పెక్టరు తనదనుకుంటున్నాడు.”

“అయ్యో,” అన్నారావిడ, కాళ్ళు మడుచుకుని.

మూడో రీలు అయింది. నేను దాన్ని తిరిగి చుట్టి డబ్బాలో పెట్టాను. డాక్టరు గారు డబ్బాలు ఒకదాని మీద ఒకటి పేర్చుకున్నారు. మూడు.

“నాలుగోది?”

నేను బల్ల మీద చూశాను. లేదు. మావాడు సోఫా కింద చూశాడు. అక్క శాలువా సర్దుకుంది. సర్దుకోవడంలో ఒళ్ళో డబ్బా అంచు తళుక్కుమంది. ఆవిడ రెండు చేతులూ దాని మీద, పొట్ట దాని మీద.

“అమ్మా, ఆ రీలు…”

“మీదే అన్నయ్యగారూ, తీసుకోండి,” అంది అక్క. కదల్లేదు.

“అలాగే. ఇలా ఇవ్వండి.”

“మీ వస్తువు మీరు తీసుకుంటే మధ్యలో మేమెవరం? పెద్దవారు, మీ మాట కాదంటామా?” ఇంకా కదల్లేదు. కళ్ళల్లో నీళ్ళు వచ్చాయి. ఆ నీళ్ళు నిజమైనవో కావో అంచనా వెయ్యగల పరికరం నా దగ్గర లేదు.

డాక్టరు గారు చెయ్యి చాపారు. నిండు గర్భిణి ఒళ్ళోంచి వస్తువు ఎలా లాక్కుంటారు? చెయ్యి గాలిలోనే ఉండిపోయింది. మా వైపు చూశారు. మేము దుప్పటి వైపు చూశాం.

“ఏవండీ,” అన్నారు ఆయన భార్య. “కడుపుతో ఉన్న మనిషి కోరిక తీర్చకపోతే పుట్టే బిడ్డకి చెవిలో చీము కారుతుందండీ.”

“ఏం మాటలవి? నేను చెవి డాక్టర్ని!”

“అందుకే చెప్తున్నాను. రేపు మీ దగ్గరికే తీసుకొస్తారు. ఏం చెప్తారు? సినిమా చూపించలేదు, అందుకే కారుతోందని చెప్తారా?”

“సైన్సులో అలాంటిది లేదు!”

“మీ అమ్మగారు కూడా లేదనే అన్నారా?”

డాక్టరు గారు అక్క పొట్ట వైపు ఒకసారి చూసి, చెయ్యి వెనక్కి తీసుకున్నారు. అప్పుడు మావాడు నా వెనక నుంచి బయటికి వచ్చాడు.

“సార్, మా దిక్కు రెండు టాకీసులకి ఒక్కటే పెట్టె ఉంటది. ఈడ రీలు అయిపోంగనే సైకిల్ మీద ఆడికి కొట్టుకపోతరు. గంట ఎనకముందు షో. జనానికి తెల్వనే తెల్వది.”

అది వినగానే నా తలలో లెక్క మొదలైంది. డాక్టరు గారు మూడు రీళ్ళతో ఇప్పుడే బయల్దేరి అయిదింటికి షో మొదలుపెడతారు. నాలుగో రీలు అవసరం ఏడు దాటాక. అక్క దాన్ని చూడటానికి ముప్పావు గంట, దారికి గంటన్నర. ఇంకా బోలెడు టైము మిగులుతుంది. కాగితం మీద గీసి చూపించాను. డాక్టరు గారు కాగితం చూశారు, నన్ను చూశారు.

“మీ మాట నమ్మమంటావు. ఇవాళ?”

అదీ న్యాయమే. చివరికి పాతకాలపు రాజుల పద్ధతిలోనే ఒప్పందం కుదిరింది. హామీగా అక్క భర్త డాక్టరు గారితో వెళ్తాడు. డాక్టరు గారి భార్య ఇక్కడ ఉంటారు. ఆవిడ తనంతట తానే ఇందుకు సిద్ధపడ్డారు, పైగా చాలా వేగంగా. అక్క భర్త మూడు డబ్బాలు ఒళ్ళో పెట్టుకుని కారులో కూర్చుని మా వైపు చూసి నవ్వాడు.

నాలుగో రీలు వేశాను. మధ్యలో ఒక పాట వచ్చింది. అయిపోగానే అక్క, “తమ్ముడూ, మళ్ళీ ఒకసారి,” అంది. ప్రొజెక్టరు వెనక్కి తిప్పాను. రెండోసారి అయ్యాక డాక్టరు గారి భార్య, “నాకు చివరి చరణం సరిగ్గా వినపడలేదు బాబూ,” అన్నారు. మళ్ళీ వెనక్కి. నా కాగితం మీద ఇవేవీ లేవు. ఆఖరి సీనులో ఇద్దరూ ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని ఏడ్చారు. శుభం పడ్డాక అక్క ఒక పెద్ద ఊపిరి వదిలి, శాలువాతో కళ్ళు తుడుచుకుని, “ఇంక ఎప్పుడొచ్చినా ఫరవాలేదు,” అంది. పొట్టతో అంది.

రూమ్మేటు అక్కకి తోడుగా ఉండిపోయాడు. నేను స్టేషన్ వ్యాగన్ తీశాను. అది మొదట స్టార్ట్ కాలేదు, తర్వాత కూడా కాలేదు, ఆ తర్వాత అయింది. డాక్టరు గారి భార్య వెనక సీట్లో డబ్బాని పసిబిడ్డలా పట్టుకుని కూర్చున్నారు. పైకి రాని వెనక అద్దంలోంచి మంచు లోపలికి వచ్చి ఆవిడ కొప్పు మీద వాలుతోంది. “ఫరవాలేదు బాబూ, నువ్వు ముందుకి చూడు,” అంటూనే ఆవిడ దారిపొడవునా ఆ పాట కూనిరాగం తీశారు.

మంచు ఇంకా పెరిగి, గంటన్నర దారికి మూడు గంటలు పట్టింది. హాలు చేరేసరికి మూడో రీలు ఎప్పుడో అయిపోయింది. డాక్టరు గారు స్టేజి మీద మైకు పట్టుకుని కృతజ్ఞతలు చెప్తున్నారు. కమిటీకి, వంట చేసిన ఆడవాళ్ళకి, కుర్చీలు వేసిన వాళ్ళకి, హాలు వాచ్‌మన్‌కి, మంచు ఎత్తిన టౌన్‌షిప్ వాళ్ళకి చెప్పేసి, టౌన్‌షిప్‌కి పన్నులు కట్టే పౌరులందరికీ చెప్పడం మొదలుపెట్టారు. పిల్లలు వరసల మధ్య పరిగెడుతున్నారు. అక్క భర్త ముందు వరసలో ఇద్దరు కమిటీ సభ్యుల మధ్య కూర్చుని మిరపకాయ బజ్జీ తింటున్నాడు. నేను డబ్బాతో లోపలికి అడుగుపెట్టగానే హాలంతా చప్పట్లు కొట్టింది. నా జీవితంలో నాకు పడిన చప్పట్లు అవే.

డబ్బా మూత తీశాను. అప్పుడు చూశాను. రీలు తిరిగి చుట్టలేదు. మొదటి మూడింటినీ పద్ధతిగా చుట్టిన నేను, పాట మూడుసార్లు వేసిన హడావిడిలో దీన్ని అలాగే డబ్బాలో పెట్టేశాను. శుభం పైన ఉంది, కథ లోపల ఉంది.

“ఇంకెంత?” అన్నారు డాక్టరు గారు నా చెవిలో.

“పది నిమిషాలు సార్. చుట్టాలి.”

ఆయన మైకు వైపు చూశారు. కృతజ్ఞతలు చెప్పాల్సిన వాళ్ళు భూమ్మీద ఇంకెవరూ మిగల్లేదు. ఆయన మొహం ఎర్రబడింది. “మీ అక్కతో నేను రెండు మాటలు మాట్లాడాలి,” అని బయటి వరండాలో ఉన్న పే ఫోను దగ్గరికి నడిచారు. రీలు చుట్టే పని కమిటీ కుర్రవాడికి అప్పగించి, చిల్లర నాణేలు నా జేబులో ఉన్నాయి కాబట్టి నేనూ వెళ్ళాను.

“అమ్మా, నేను, డాక్టర్ని. … ఆఁ, చేరాడు. చేరాడు గానీ… అది కాదమ్మా, ఇక్కడ హాలు నిండా జనం. … ఊఁ. … మా ఆవిడ ఏడ్చిందా? ఎక్కడ? … తల్లి దగ్గరా. … తల్లికేమైంది? … ఆగండమ్మా, ఆగండి, అయితే ఆ లారీ… అంటే ఇన్‌స్పెక్టరు కాదా తోలింది? … ఓరి వీడి దుంపతెగ! … ఊఁ … ఊఁ … మరి ఆ పిల్ల? … పోన్లెండి, అలా జరిగితేనే మంచిది. … అయ్యో, ఎందుకమ్మా అంత మాట, మీరు మా సంఘం కాకపోతే ఇంకెవరు? … ఆరోగ్యం జాగ్రత్త.”

ఫోను పెట్టేశారు.

“తిట్టారా సార్?” అన్నాను.

“ముగింపు చెప్పేసిందయ్యా,” అన్నారు.

లోపల దీపాలు ఆర్పారు. డాక్టరు గారు నా పక్క కుర్చీలో కూర్చున్నారు. ఆయన భార్య అటు పక్క కూర్చుని ముందుగానే చేతిరుమాలు తీసి పెట్టుకున్నారు. రీలు మొదలైంది. తల్లి పూజ గదిలో దీపం వెలిగిస్తోంది.

“ఇప్పుడు తలుపు కొడతారు,” అన్నారు డాక్టరు గారు.

తలుపు కొట్టారు.

“పెద్దవాడు కాదు, చిన్నవాడు,” అన్నారు.

చిన్నవాడే. ముందు వరసలో ఒకాయన వెనక్కి తిరిగి, “డాక్టర్ గారూ, కాస్త!” అన్నాడు. డాక్టరు గారు తలూపి, రెండు నిమిషాలు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని కూర్చున్నారు. తర్వాత చెయ్యి తీసి, ముందుకి వంగి, నా మోచెయ్యి గట్టిగా పట్టుకుని, “వెనక నుంచి లారీ వస్తోంది, చూడు, చూడు!” అన్నారు.

తెర మీద అప్పటికింకా లారీ లేదు.